జెర్రిపోతుకు ఇంట్లో పని లేకుండా

పాము ఇంటి దగ్గరకు రావడానికి కారణాలు మూడే: తిండి, నీడ, తడి. తిండి అంటే ఎలుకలు, కప్పలు, బల్లులు, కోడిగుడ్లు. నీడ అంటే నెలల తరబడి ఎవరూ కదపని కట్టెల మోపు, ఇటుకల దొంతర, మెట్ల కింద సామాను. తడి అంటే కారే కుళాయి, స్నానాల గది తూము, చెట్టు పాదులో నిలిచిన నీళ్లు. ఈ మూడూ ఉన్నచోట ఒక పామును చంపినా, పట్టించినా మరొకటి వస్తుంది. ఇవి లేని ఇంటికి దారి తప్పి వచ్చిన పాము తనంతట తానే వెళ్లిపోతుంది. పామును దూరంగా ఉంచే పద్ధతులన్నీ ఈ లెక్క మీదే నడుస్తాయి. బజారులో దొరికే పొడులూ మందులూ ఈ లెక్కలోకి రావు.

దేశంలో 300కు పైగా పాము జాతులున్నాయి. సముద్రపు పాములతో కలిపి సుమారు 60 జాతులకే విషం ఉంటుంది. మనుషుల ప్రాణాలు ఎక్కువగా తీసేవి నాలుగు: నాగుపాము, కట్లపాము, రక్తపింజరి, చిన్నపింజరి. తెలుగు ఊళ్లలో పెరటి దాకా వచ్చే మిగతావాటిలో చాలా జాతులు మనిషికి ప్రమాదం చేయలేనివి. ఇంట్లోకి పాము రాకుండా చూసుకోవాలంటే ముందు ఏది దేనికోసం వస్తుందో తెలియాలి.

అన్నిటికంటే పెద్దది జెర్రిపోతు. రెండు మీటర్ల పొడవు మామూలే, మూడు మీటర్లు దాటినవీ ఉంటాయి. పగలు తిరుగుతుంది, వేగంగా పాకుతుంది, చెట్లూ గరుకు గోడలూ ఎక్కుతుంది. ఎలుకలు, కప్పలు, పక్షి గుడ్లు దీని ఆహారం. పిల్లి గాని గుడ్లగూబ గాని ఎలుక బొరియలోకి వెళ్లలేవు. జెర్రిపోతు లోపలికి దూరి పిల్లలతో సహా తినేస్తుంది. రైతుకు ఇంత మేలు చేసే ఈ పాము చుట్టూ అల్లుకున్న అపోహలు మాత్రం లెక్కలేనన్ని. గేదె కాళ్లకు చుట్టుకుని పాలు తాగుతుందన్నది ఒకటి. పాము నోటికి పాలు పీల్చే నిర్మాణం లేదు. వెనక్కి వంగిన దాని పళ్లు పొదుగుకు తగిలితే గేదె ఊరుకోదు. నాగుపాముతో జత కడుతుందన్నది ఇంకొకటి. రెండు పాములు పెనవేసుకుని పైకి లేచి తోసుకునే దృశ్యం చూసి పుట్టిన నమ్మకం అది. నిజానికి అవి రెండూ మగ జెర్రిపోతులే. అది ఆడపాము కోసం జరిగే బలపరీక్ష. నాగుపాము సంగతికొస్తే, జెర్రిపోతును అది పట్టుకు తింటుంది.

నీరుకట్టె చెరువులు, పంట కాలువలు, మురుగు కాలువల పాము. కప్పలూ చేపలూ తింటుంది. ఒంటి మీద చదరంగం పలక వంటి గళ్లు, కంటి దగ్గర నుంచి కిందికి దిగే రెండు నల్లని గీతలు దీని గుర్తులు. కాస్త కోపిష్టి. మెడ వెడల్పు చేసి తల ఎత్తితే చూసినవాళ్లు నాగుపామే అనుకుంటారు. పట్టుకోబోతే కరుస్తుంది, రక్తం కూడా వస్తుంది. అయినా విషం లేదు. వానాకాలంలో కాలనీలు మునిగినప్పుడు నీళ్లతో పాటు ఇళ్లలోకి వచ్చే పాముల్లో ఇది ముందుంటుంది.

రాత్రిపూట గోడల మీద పాకుతూ బల్లులను పట్టే సన్నని పాము తోడేలు పాము. ముందు పళ్లు పొడుగ్గా ఉండడం వల్ల శాస్త్రజ్ఞులు ఆ పేరు పెట్టారు. ఊళ్లలో దీన్ని కట్లపాము పిల్ల అనుకుని చంపేస్తారు. స్నానాల గది మూలల్లో, పూల కుండీల అడుగున నల్లగా మెరుస్తూ వానపాము లాగా కనిపించేది గుడ్డిపాము. అది తినేది చీమల, చెదపురుగుల గుడ్లనూ పిల్లలనూ. ఈ జాతిలో ఇప్పటిదాకా దొరికినవన్నీ ఆడవే, మగ తోడు లేకుండానే గుడ్లు పెడతాయి. కుండీల మట్టితో పాటు ప్రయాణం చేసి ఖండాలు దాటిన పాము ఇది. తీగల్లో, పొదల్లో ఆకుపచ్చగా కలిసిపోయే పసిరిక పాము కళ్లు పొడుస్తుందని భయపడతారు గానీ, అది బల్లులనూ తొండలనూ పట్టుకునే పాము. దాని స్వల్ప విషం మనిషి ప్రాణం తీయదు. ఎర్రమట్టి నేలల్లో కనిపించే రెండు తలల పాముకు ఉన్నది ఒకే తల. తోక మొద్దుగా ఉండడం వల్ల అలా కనిపిస్తుంది. అదృష్టం తెస్తుందని, లక్షలకు అమ్ముడవుతుందని మోసగాళ్లు చెప్పే మాటలు నమ్మి దాన్ని పట్టుకుని జైలు పాలైనవాళ్లు రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఉన్నారు.

వీటి గుర్తులు తెలిసినంత మాత్రాన చేత్తో పట్టుకోవచ్చని ఎవరూ అనుకోకూడదు. తోడేలు పాముకు మెడ దగ్గర పట్టీలు వెడల్పుగా, స్పష్టంగా ఉండి తోక వైపు పోనుపోను మాసిపోతాయి. కట్లపాముకు మెడ దగ్గర పట్టీలు ఉండకపోవచ్చు, తోక వైపు జంటజంటగా స్పష్టంగా కనబడతాయి. పగటి వెలుతురులో, పటంలో చూస్తే ఇది తేలికే. రాత్రి రెండు గంటలకు, కరెంటు పోయిన గదిలో, భయంతో కొట్టుకునే గుండెతో చూస్తే తేలిక కాదు. మట్టిరంగు మచ్చలతో మొద్దుగా ఉండే మరో పామును కూడా అలాగే రక్తపింజరి అని పొరబడతారు. ఆ మొద్దు పాముకు తోక కురచ, మచ్చలకు వరస ఉండదు. రక్తపింజరికి తల త్రికోణంగా ఉంటుంది, వీపు మీద మూడు వరసల గొలుసు మచ్చలుంటాయి. హైదరాబాదు వంటి నగరాల్లో పాములు పట్టేవారికి ఇళ్ల మధ్య దొరికేవాటిలో నాగుపాములూ పెద్ద సంఖ్యలోనే ఉంటాయి. కాబట్టి పేరు రూఢిగా తెలియని ప్రతి పామునూ విషపుదిగానే చూడాలి. సంతోషించాల్సిన విషయం ఏమిటంటే, జెర్రిపోతును ఆపే ఏర్పాట్లన్నీ నాగుపామునూ కట్లపామునూ కూడా ఆపుతాయి. వాటి తిండి, వాటి దారులు చాలావరకు ఒకటే.

ఎలుకతో మొదలు

పాముల బెడద తగ్గించడం అంటే ముప్పాతిక వంతు ఎలుకల బెడద తగ్గించడమే. ఎలుక గర్భం మూడు వారాలు. ఒక్కో ఈతకు ఏడెనిమిది పిల్లలు, కొన్ని నెలలకే వాటికీ పిల్లలు. ధాన్యం బస్తాలు నేల మీద పెట్టి, గోడకు ఆనించి ఉంచిన గది ఎలుకలకు సత్రం. బస్తాలను చెక్క పీటల మీద, గోడకు జానెడు ఎడంగా పెడితే వెనక ఏం జరుగుతోందో కనబడుతుంది, ఊడ్చడానికీ వీలవుతుంది. బియ్యం, పప్పులు మూత గట్టిగా పట్టే డబ్బాల్లోకి మార్చాలి. కోళ్లకు చల్లిన నూకలు, పిట్టలకు వేసిన గింజలు, కుక్కకు పెట్టిన అన్నం రాత్రికి మిగలకూడదు. కుడితి తొట్టి చుట్టూ పడిన తవుడు ఊడ్చేయాలి. చెత్తబుట్టకు మూత ఉండాలి.

ఎలుకలు పట్టడానికి పాతకాలపు బోను ఇప్పటికీ మంచి సాధనం. ఎలుకల మందు పెడితే ఎలుక ఎక్కడో కనబడని మూల చస్తుంది. దాన్ని తిన్న పిల్లీ గుడ్లగూబా కూడా చావవచ్చు, అంటే ఎలుకల శత్రువులే తగ్గుతాయి. జిగురు అట్టలతో ఇంకో సమస్య ఉంది. ఎలుక కోసం పెట్టిన అట్టకు తోడేలు పామో, జెర్రిపోతు పిల్లో అంటుకుపోయి గంటల తరబడి విలవిల్లాడుతుంది. దాన్ని విడిపించాలంటే వంటనూనె పోసి జిగురు వదిలించాలి. ఆ పని పాములు పట్టడం తెలిసినవాళ్లే చేయాలి. పాములు తిరిగే ఇంట్లో జిగురు అట్టలు వాడకపోవడమే మంచిది.

పెరట్లో కనిపించే బొరియల్లో ఏవి వాడుకలో ఉన్నాయో తెలుసుకునే సులువైన మార్గం ఉంది. సాయంత్రం బొరియ నోట్లో నలిపిన పాత పేపరు కుక్కి వదిలేయాలి. తెల్లారేసరికి బయటికి తోసేసి ఉంటే లోపల ఎవరో ఉన్నట్టు. బొరియ ముందు ముగ్గుపిండి పలచగా చల్లితే ఎలుక పాదాలా, పాము జాడా అన్నదీ తెలుస్తుంది. జాడ ఏదీ లేదని రెండు మూడు రోజులు చూసి రూఢి చేసుకున్నాకే కంకర, సిమెంటు వేసి పూడ్చాలి. తొందరపడి మూసేస్తే లోపలున్నది మరో దారి వెతుక్కుంటుంది. ఇంటి పునాదిలో బొరియ అయితే ఆ దారి ఇంట్లోకే తెరుచుకోవచ్చు.

కప్పలూ బల్లులూ కూడా తిండే. రాత్రంతా వెలిగే వరండా దీపం దగ్గరకు పురుగులు, పురుగుల కోసం బల్లులు, దీపం కింద కప్పలు, వాటి కోసం పాములు వస్తాయి. అవసరం లేనప్పుడు ఆ దీపం ఆర్పేయడం, గుమ్మానికి కాస్త దూరంగా పెట్టడం, తెల్లటి బల్బు బదులు పసుపు వెలుగు బల్బు వాడడం వల్ల ఈ వరస మొదట్లోనే తెగుతుంది. కారే కుళాయి బాగుచేయించాలి. గిన్నెలు కడిగిన నీళ్లు పెరట్లో గుంటగా నిలవకుండా అరటి మొక్క వైపు పారించాలి. కోళ్లగూడు అయితే నేలకు రెండడుగుల ఎత్తున ఉండాలి, చుట్టూ సన్నని కన్నాల ఇనుప జాలీ ఉండాలి, గుడ్లు ఏ రోజువి ఆ రోజు తీసేయాలి.

పెరడు, ప్రహరీ

పాముకు బహిరంగ ప్రదేశం అంటే భయం. పైన గద్ద, పక్కన ముంగిస. అందుకే గోడ వారనే, పొద వారనే పాకుతుంది. ఇంటి చుట్టూ మూడు నాలుగడుగుల మేర గడ్డి లేకుండా, సామాను లేకుండా శుభ్రంగా ఉంచితే పాము దాన్ని దాటడానికి వెనకాడుతుంది, దాటినా కంటబడుతుంది. పాత ఇళ్లలో రోజూ పొద్దున్నే వాకిలి ఊడ్చి కళ్లాపి చల్లే అలవాటు ఉన్నంతకాలం ఈ పని వేరే చేయనక్కర్లేకపోయింది.

కట్టెలు, కొబ్బరి మట్టలు, పిడకలు, ఇల్లు కట్టగా మిగిలిన ఇటుకలు, పగిలిన పెంకులు, పనికిరాని టైర్లు పాము దాక్కోవడానికి సరిపోయే చోట్లు. పారేయగలిగినవి పారేయాలి. కావలసినవాటిని ఇంటి గోడకు దూరంగా, అడుగు ఎత్తు అరుగు మీదో ఇనుప స్టాండు మీదో పేర్చాలి. అక్కడి నుంచి తీసేటప్పుడు చెయ్యి పెట్టే ముందు కర్రతో కదపాలి. గడ్డివాము పశువుల పాకకు దగ్గరగా ఉన్నా, మనుషులు పడుకునే గదికి ఆనుకుని ఉండకూడదు. పెంటకుప్ప లోపలి వెచ్చదనం, తేమ గుడ్లు పెట్టడానికి అనువు. వాన మొదలయ్యాక పెంటకుప్ప తిరగేస్తే తెల్లని, తోలు వంటి పెంకు గల గుడ్లు బయటపడడం పల్లెల్లో కొత్త కాదు. ఇంటికి దూరంగా తరలించడం, ఎండాకాలంలోనే పొలానికి తోలేయడం దీనికి మార్గం.

చెట్ల విషయంలో పట్టుదల అక్కర్లేదు. ఉన్న చెట్లన్నీ కొట్టేసి పెరడంతా సిమెంటు చేయించే వాళ్లున్నారు. అది ఇంటిని వేడెక్కించే పని, పాములకు దానితో పెద్ద సంబంధం లేదు. జామ, మామిడి కొమ్మలు డాబా మీదికో, పెంకుల మీదికో వాలకుండా కొట్టాలి. మల్లె పందిరి, మనీప్లాంట్ తీగ కిటికీకి అల్లుకోనివ్వకూడదు. పూల కుండీలు నేల మీద కాకుండా స్టాండు మీద ఉంటే అడుగున తేమ చేరదు, గుడ్డిపాము చేరదు.

ప్రహరీ గోడ ఉంటే చాలనుకోవడం పొరపాటు. రాళ్లు పేర్చి కట్టి సిమెంటు పూయని గోడలో ప్రతి సందూ ఒక గూడే. రెండు వైపులా నున్నగా సిమెంటు పూసిన గోడను చాలా పాములు ఎక్కలేవు. కానీ గేటు కింద నాలుగు వేళ్ల సందు, వాన నీరు పోవడానికి వదిలిన కన్నం తెరిచే ఉంటాయి. గేటు అడుగున రేకు పట్టీ, నీటి కన్నానికి ఇనుప జాలీ బిగిస్తేనే గోడ కట్టిన ఖర్చుకు ఫలితం.

పామును నిజంగా ఆపే కంచె కూడా ఉంది. పావు అంగుళం కన్నాల జీఐ జాలీని మూడడుగుల ఎత్తున, అరడుగు భూమిలోకి పాతి, బయటి వైపుకు 30 డిగ్రీలు వాల్చి కట్టాలి. పట్టుకునే గుంజలు లోపలి వైపు ఉండాలి. పక్కన ఒక్క కొమ్మ తగిలినా, గడ్డి పెరిగినా పని చెడినట్టే. పెద్ద పెరటి చుట్టూ ఇంత చేయడం ఖర్చుకు తగదు. పిల్లలు ఆడుకునే చోటుకో, కోళ్లగూటికో అయితే చేయదగినదే. పిట్టల కోసం కట్టే నైలాను వలను మాత్రం పాముల కోసం వాడకూడదు. పాము సగం దూరి పొలుసుల దగ్గర ఇరుక్కుపోతుంది, ముందుకూ వెనక్కూ పోలేక దారం ఒంట్లోకి కోసుకుపోయి చస్తుంది.

ఇంటి కన్నాలు

తల పట్టిన సందులో పాము ఒళ్లు కూడా పడుతుంది. అప్పుడే పుట్టిన పిల్లలు పెన్సిలంత సన్నగా ఉంటాయి. అందువల్ల పావు అంగుళం, అంటే సుమారు ఆరు మిల్లీమీటర్లు దాటిన ప్రతి కన్నమూ దారే అని లెక్క వేసుకుని ఇల్లంతా ఒకసారి చూడాలి. చీకటి పడ్డాక లోపల దీపం వేసి బయట నిలబడితే తలుపుల కింద, కిటికీల మూలల్లో వెలుగు ఎక్కడ బయటికి వస్తోందో కనబడుతుంది. వెలుగు వచ్చినచోటల్లా సందు ఉన్నట్టే.

మొదటి అనుమానం తలుపు అడుగుభాగం మీద ఉండాలి. పాత ఇళ్లలో ఎత్తైన గడప తలుపు కింద సందు లేకుండా చేసేది. ఇప్పటి ఇళ్లలో నేల ఒకే మట్టంగా ఉండాలని గడప తీసేశారు, తలుపు గీసుకోకుండా అడుగున అరంగుళం వదులుతున్నారు. పెరటి తలుపుకు ఆ సందు ఇంకా ఎక్కువ. దీనికి రబ్బరు పట్టీ గాని, కుంచె వెంట్రుకలున్న పట్టీ గాని బిగించాలి. హార్డ్‌వేర్ దుకాణాల్లో దొరుకుతాయి, వడ్రంగి గంటలో బిగించేస్తాడు. ఇల్లంతటికీ చేయగలిగిన పనుల్లో తక్కువ ఖర్చుతో ఎక్కువ ఫలితమిచ్చేది ఇదే.

తర్వాత స్నానాల గది. నీళ్లు బయటి కాలువలోకి నేరుగా పోయే తూముకు సన్నని కన్నాల స్టీలు జాలీ, కదలకుండా సిమెంటుతో కూర్చి పెట్టాలి. ఊడిపోయే ప్లాస్టిక్ జాలీ ఉన్నా లేనట్టే. సింక్ పైపు గోడలోంచి బయటికి పోయేచోట చుట్టూ మిగిలే కన్నం, ఏసీ గొట్టం కోసం తొలిచిన కన్నం, వాషింగ్ మెషిన్ నీళ్ల గొట్టం, కేబుల్ వైర్ల దారి సిమెంటుతోనో, ఇనుప పీచు కుక్కి పైన సిమెంటు పూసో మూయాలి. ఇనుప పీచును ఎలుక కొరకలేదు. సెప్టిక్ ట్యాంకు గాలి గొట్టం పైన జాలీ టోపీ ఉండాలి, ట్యాంకు మూతలూ మురుగు గుంటల మూతలూ పగుళ్లు లేకుండా ఉండాలి. కమోడ్‌లో పాము కనబడిందన్న వార్తల వెనక చాలాసార్లు విరిగిన మూతో, మూత లేని గొట్టమో ఉంటుంది. వెంటిలేటర్లకు దోమ జాలీ వేస్తే దోమలతో పాటు పామూ ఆగుతుంది.

పెంకుటింట్లో, రేకుల ఇంట్లో గోడకూ కప్పుకూ మధ్య ఖాళీ ఉంటుంది. గాలి కోసం అది కావాలి కాబట్టి పూడ్చకుండా జాలీ కొట్టాలి. తాటాకు కప్పులో ఎలుకలు గూడు పెట్టకుండా చూడడం ఒక్కటే దారి. ఇలాంటి ఇళ్లలో ఉండేవారికి అన్ని కన్నాలూ మూయడం సాధ్యపడదు. వాళ్లకు అన్నిటికన్నా ముఖ్యమైనది పడక. నేల మీద చాప వేసుకుని పడుకోకుండా మంచం మీద, దోమతెర అంచులు పరుపు కిందికి దోపి పడుకోవాలి. రాత్రి నిద్రలో కాటేసి, నొప్పి కూడా తెలియనివ్వని కట్లపాము నుంచి కాపాడేది అదే.

పొడులు, వాసనలు, యంత్రాలు

పాము రాకుండా ఇంటి చుట్టూ ఏదో ఒకటి చల్లడం తెలుగు ఇళ్లలో అలవాటు. కలరా ఉండలు, గంధకం, వెల్లుల్లి నీళ్లు, ఫినాయిల్, కార్బాలిక్ ఆసిడ్, కిరోసిన్, బ్లీచింగ్ పొడి. వీటిలో కలరా ఉండలనూ గంధకాన్నీ విదేశాల్లో పాముల మీద పరీక్షించి చూశారు. పాములు వాటి మీదుగానే పాకి వెళ్లాయి. పాము నాలుక చాచి గాలిలోని వాసన కణాలను నోటి పైభాగంలో ఉన్న అవయవానికి చేరవేస్తుంది. దాని వాసన శక్తి చాలా చురుకైనది. అయినా ఘాటు వాసన వచ్చిందని ఎలుక ఉన్న ఇల్లు వదిలిపోదు. కలరా ఉండల వల్ల మనుషులకే హాని ఎక్కువ. జీ6పీడీ అనే ఎంజైమ్ లోపం పుట్టుకతో ఉన్న పిల్లలు వాటిని నోట్లో పెట్టుకున్నా, ఎక్కువసేపు పీల్చినా ఎర్ర రక్తకణాలు పగిలిపోతాయి. కార్బాలిక్ ఆసిడ్ చర్మాన్ని కాలుస్తుంది. గమాక్సిన్ పొడిగా పిలిచిన పురుగుమందును ప్రభుత్వం 1997లోనే నిషేధించింది. ఆ పేరుతో ఇప్పటికీ ఏదైనా అమ్మితే కొనకూడదు.

మొక్కల మీద కూడా నమ్మకం ఎక్కువే. సర్పగంధి, ఈశ్వరి వేరు పెరట్లో ఉంటే పాము రాదంటారు. సర్పగంధి వేరులోంచి రక్తపోటు మందు రిసర్పిన్ తీశారు. అది వైద్యశాస్త్రంలో గొప్ప మొక్క. పామును తరిమే శక్తి మాత్రం దానికి లేదు. దాని కింద నీడ ఉంటే పాము అక్కడే పడుకుంటుంది. శబ్దతరంగాలతో పాములను పారదోలుతామనే ప్లగ్ యంత్రాలదీ ఇదే తీరు. పాముకు బయటి చెవి లేదు. నేల అదురును, కొన్ని వందల హెర్ట్జ్ లోపలి మంద్ర ధ్వనులను దవడ ఎముకల ద్వారా గ్రహిస్తుంది. ఆ యంత్రాలు చేసే శబ్దం 20 వేల హెర్ట్జ్‌కు పైన ఉంటుంది, పాముకు అది వినపడదు. వాటికి పెట్టే డబ్బుతో తలుపు పట్టీలు కొనుక్కుంటే నయం. కుక్క అరుపు హెచ్చరికగా పనికొస్తుంది. పిల్లి ఎలుకలను తగ్గిస్తుంది గానీ కొన్నిసార్లు పాము పిల్లను నోట కరుచుకుని ఇంట్లోకే తెస్తుంది.

లోపలికి వచ్చేశాక

ఇన్ని చేసినా ఎప్పుడో ఒక పాము రావచ్చు. అప్పుడు పిల్లలనూ పెంపుడు జంతువులనూ బయటికి పంపి, ఆరేడడుగుల దూరం నుంచి పాము మీద కన్నుంచాలి. బయటికి పోయే తలుపు తెరిచి, ఇంటి లోపలి గదుల తలుపులు మూసేస్తే జెర్రిపోతు వంటివి చాలాసార్లు తామే వెళ్లిపోతాయి. వెళ్లకపోతే ఆ గది తలుపు మూసి, కింది సందులో తడి తువ్వాలు కుక్కి, పాములు పట్టేవారిని పిలవాలి. హైదరాబాదులో 1995 నుంచి ఫ్రెండ్స్ ఆఫ్ స్నేక్స్ సొసైటీ ఈ పని చేస్తోంది. మిగతాచోట్ల అటవీ శాఖ కార్యాలయం వారిని గాని, వారు గుర్తించిన స్థానిక పాములు పట్టేవారిని గాని అడగాలి. ఆ నంబరు పాము వచ్చాక వెతకడం కాకుండా ముందే ఫోన్లో ఉంచుకోవాలి. వేడి నీళ్లు, కిరోసిన్ పోయడం, కర్రతో పొడవడం వంటివి చేస్తే భయపడిన పాము బీరువా కిందికో, ఫ్రిజ్ వెనక్కో దూరుతుంది. కాట్లు ఎక్కువగా పడేదీ అలాంటి క్షణాల్లోనే.

పామును చంపడం నేరం కూడా. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం పాములకు రక్షణ ఇచ్చింది. 2022 సవరణ తర్వాత జెర్రిపోతు, నాగుపాము మొదటి షెడ్యూల్లో ఉన్నాయి. తోలు కోసం జెర్రిపోతులను విరివిగా చంపి ఎగుమతి చేసిన రోజులున్నాయి. 1976లో పాము తోళ్ల ఎగుమతిని నిషేధించారు. పట్టిన పామును ఎక్కడో అడవిలో, పదుల కిలోమీటర్ల దూరంలో వదలడం దయ అనిపిస్తుంది గానీ, తెలియని చోట దానికి బొరియా దొరకదు, తిండీ దొరకదు, బతికే అవకాశం తగ్గుతుంది. అనుభవమున్నవారు ఆ పరిసరాల్లోనే ఇళ్లకు ఎడంగా, అనువైన చోట వదులుతారు. పెరటి చివర, పొలం గట్టు మీద తన దారిన పోతున్న జెర్రిపోతును అలాగే పోనివ్వడం ఇంటివాళ్లకు లాభం. అది తినే ఎలుకలు ఇంట్లోకి వచ్చేవే.

కాటు పడితే మాత్రం విషం లేని పామే అనుకుని ఊరుకోకూడదు. 2000 నుంచి 2019 వరకు దేశంలో పాముకాటుకు సుమారు 12 లక్షల మంది, అంటే ఏడాదికి సగటున 58 వేల మంది చనిపోయారని 2020లో వెలువడిన పరిశోధన అంచనా. ఆ మరణాలు ఎక్కువగా ఉన్న రాష్ట్రాల్లో అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ఒకటి. కాలు చేయి కదపకుండా, గుడ్డతో బిగించి కట్టకుండా, కోయకుండా, నోటితో పీల్చకుండా, మంత్రగాడి దగ్గర గంటలు పోగొట్టుకోకుండా 108కి ఫోన్ చేసి ప్రభుత్వ ఆసుపత్రికి వెళ్లాలి. విష లక్షణాలు లేకపోతే వైద్యులు కొన్ని గంటలు గమనించి పంపేస్తారు. ఆ కొన్ని గంటలు వృథా కాదు.

పాములు ఇళ్ల వైపు ఎక్కువగా వచ్చేది జూన్ నుంచి అక్టోబరు దాకా. గుడ్లు పొదిగి పిల్లలు బయటికి వచ్చేదీ, పొలం గట్ల మీది బొరియల్లోకి నీళ్లు చేరి ఎలుకలూ పాములూ మెరక వెతుక్కునేదీ అప్పుడే. పల్లపు ఊళ్లలో మెరక అంటే ఇళ్లే. 2018 ఆగస్టులో కృష్ణా జిల్లా దివిసీమలో వరసగా పాముకాట్లు పడితే మోపిదేవి సుబ్రహ్మణ్యేశ్వరస్వామి ఆలయంలో అధికారుల ఆధ్వర్యంలోనే సర్పశాంతి పూజ జరిగింది. పూజ చేసుకునేవారు చేసుకోవచ్చు. దానితో పాటు ప్రతి ఇంటివారూ మే నెలలో, తొలకరికి ముందే, ఒక ఆదివారం పెరట్లో దొంతరలు కదిపి, బొరియలు చూసి, తలుపులకు పట్టీలూ తూములకు జాలీలూ బిగించుకోవాలి.